తెరకు వీపు పెట్టిన కుర్చీ

వెల్డన్ మహిళా కళాశాల, ఒహాయో
నవంబరు 3, 1930

గౌరవనీయురాలైన లుయెల్లా అత్తకు,

నీ కార్డులో నా మీద మోపిన నేరం ఇది: ఒక వెండి కప్పు కోసం, ఇరవై నిమిషాల హాస్యచిత్రాన్ని నిలబెట్టి ఉతికి, ముక్కూ మొహం తెలియనివాళ్ల పొట్ట కొట్టాను. కార్డు చిన్నది కనుక నేరాన్ని క్లుప్తంగా రాశావు. నా సమాధానానికి ఆ ఇబ్బంది లేదు.

కప్పు సంగతి నిజమే. అది ఇప్పుడు నా బల్ల మీద ఉంది. అందులో పెన్సిళ్లు పెట్టుకున్నాను. "మాట్లాడే హాస్యచిత్రాలు ప్రజల బుద్ధిని మందగింపజేస్తున్నాయి" అన్నది ఆనాటి వాదాంశం. సమర్థించే పక్షం నాది. ప్రతిపక్షం నుంచి వచ్చిన యువకుడు, నవ్వు జీర్ణక్రియకు తోడ్పడుతుందని పన్నెండు నిమిషాలు వాదించాడు. అతని జీర్ణశక్తి మీద నాకేమీ ద్వేషం లేదు. నేను మాత్రం ఆ వారమే మా ఊరి లిరిక్ హాలులో చూసిన "గోడకాగితం" అనే చిత్రాన్ని సభ ముందు పెట్టాను.

నీకు తెలియదేమో కనుక చెబుతాను. అల్లుడూ మామా కలిసి ఒక గదికి గోడకాగితం అంటిస్తారు. ఎంత శ్రద్ధగా అంటిస్తారంటే, తలుపు మీద కూడా అంటించేస్తారు. అప్పుడు మామ తిరిగి చూసి, "ఏమయ్యా, మనం లోపలికి ఎటునుంచి వచ్చాం?" అంటాడు. ఇక్కడిదాకా క్షమించవచ్చు. ఆ తర్వాత ఇద్దరూ ఒకరినొకరు చూసుకుంటారు. చూస్తూనే ఉంటారు. హాలు గోడ మీది గడియారంతో సరిపోల్చాను: పదకొండు సెకన్లు. మాట లేదు, చేత లేదు. హాలులో ఒక్క నవ్వు లేదు. వెనక ఎవరో దగ్గారు. ఆ దగ్గే ఆ చిత్రం మొత్తంలో అర్థవంతమైన ధ్వని.

"తెర మీద ఇద్దరు ఒకరినొకరు చూస్తున్నారు, మనం వాళ్లను చూస్తున్నాం, ఆలోచించే పని ఎవరికీ అప్పగించలేదు" అన్నాను. సభ ఈలలు వేసింది. పత్రికవాళ్లు రాసుకున్నారు. సినిమా హాళ్ల యజమానులు చదువుకునే వారపత్రికలో కూడా పడిందని విన్నాను. నా వాక్యానికి కాళ్లున్నాయంటే తప్పు నాదా?

ఇక పొట్టల సంగతి. ఎవరి పొట్ట అత్తా? లాస్ ఏంజెలస్‌లో బీమా కార్యాలయంలో టైపు కొట్టుకునే నువ్వు, ఒక మామా అల్లుళ్ల మౌనం కోసం ఇంతగా గుండెలు బాదుకోవడం నాకు అంతుబట్టలేదు. కారణం ఉంటే సెలవియ్యి. లేకపోతే వాతావరణం గురించి రాయి.

నీ మేనకోడలు,
ఇమోజీన్

---

కల్వర్ సిటీ, కాలిఫోర్నియా
నవంబరు 12, 1930

మహావక్త గారికి,

వాతావరణం బాగుంది. ఎండ కాస్తోంది. ఇక కారణం.

నేను బీమా కార్యాలయంలో లేనే జీనీ. ఎన్నడూ లేను. అది మీ నాన్న మనశ్శాంతి కోసం చెప్పిన మాట. ప్రతి ఆదివారం చర్చిలో సినిమాల మీద విరుచుకుపడే మనిషికి, చెల్లెలు వాటి మధ్యే బతుకుతోందని చెప్పి ఆయన ప్రాణం మీదికి తేవడమెందుకని ఊరుకున్నాను. ఆరేళ్లుగా స్ట్రంక్ గారి స్టూడియోలో ఉన్నాను. నువ్వు ఉతికి ఆరేసిన "గోడకాగితం" మాదే. ఆ పదకొండు సెకన్లు నావి.

ఎలాగో విను, నీకు తెలియని సంగతులు కూడా లోకంలో కొన్ని ఉన్నాయి. మూగచిత్రాల రోజుల్లో హాలు ఎంతసేపు నవ్వినా మాకేం పోయేది కాదు. ఇప్పుడు బొమ్మలు మాట్లాడుతున్నాయి. జనం నవ్వుతుంటే తర్వాతి మాట వినపడదు. అది వినపడకపోతే ఆ తర్వాతిది అర్థం కాదు. అందుకని చిత్రాన్ని బయటికి వదిలే ముందు, ఏదో ఒక ఊళ్లో చెప్పాపెట్టకుండా ఒకసారి ఆడిస్తాం. ఎక్కడ ఎంతసేపు నవ్వారో సెకన్ల గడియారంతో కొలుస్తాం. తిరిగొచ్చి, అక్కడ నటుల చేత సరిగ్గా అంతసేపు నోరు మూయించి, ఆ ముక్క మళ్లీ తీసి అతికిస్తాం. ఆ కొలిచే మనిషిని నేను. మొదటి వరస ముందు కుర్చీ వేసుకుని కూర్చుంటాను. ఆడది కొలిస్తే నవ్వులు లెక్క తప్పుతాయని మొదట్లో వెటకారాలు ఆడారు. ఏడాదిన్నరలో ఒక్క సెకను తప్పలేదు.

గ్లెండేల్‌లో ఆడించినప్పుడు, "ఎటునుంచి వచ్చాం?" అన్న మాటకి హాలు విరగబడింది. పదకొండు సెకన్లు. నా కళ్లారా చూశాను: ఒకావిడ టోపీ ఊడి ఒళ్లో పడింది, తీసుకోవడానికి కూడా ఓపిక లేక నవ్వింది. మరి ఇప్పుడు ఒక్క ఊళ్లోనూ నవ్వడం లేదని హాళ్ల యజమానులు కార్డులు రాస్తున్నారు; ఎందుకో నాకు తెలియడం లేదు.

మొన్న సోమవారం స్ట్రంక్ గారు నీ వాక్యం పడిన పత్రిక తెచ్చి, రచయితల గదిలో అందరి ముందూ చదివాడు. "ఒహాయోలో ఎవరో పిల్లట. ఇంత తెలివి మన గదిలో ఒక్కరికైనా ఉంటే బాగుపడేవాళ్లం" అన్నాడు. తర్వాత, "ఈ పదకొండు ఎవరు చెప్పారు?" అని అడిగాడు. ఎవరూ నా పేరు చెప్పలేదు. నా వైపు కూడా చూడలేదు, మంచివాళ్లు. ఎంతకాలం చూడకుండా ఉంటారు?

ఈ ఏడాది ఇక్కడ ఉచితంగా పంచే రొట్టె కోసం వరసలో నిలబడేవాళ్లలో మొన్నటిదాకా కోటూ టైతో తిరిగినవాళ్లు ఉన్నారు. నాకు నలభై ఆరు. కుర్చీ పోతే ఇంకో కుర్చీ లేదు.

పెన్సిళ్లు జాగ్రత్త.

నీ అత్త,
లుయెల్లా

---

వెల్డన్ మహిళా కళాశాల
నవంబరు 21

ప్రియమైన అత్తకు,

క్షమాపణ అనే మాట ఈ ఉత్తరంలో లేదు, వెతికి శ్రమపడకు. ఆ చిత్రం గురించి నేనన్నది నిజం, దాన్ని కొలిచింది నువ్వైనా నిజమే. నా మేనత్త చేసిన పని అయితే మౌనం హాస్యమైపోతుందా? అలాగైతే మా నాన్న ప్రసంగాలు కూడా హాస్యమే అయి ఉండాలి.

అయితే నిన్న రాత్రి భోజనం సహించలేదు. వంటమనిషి వండినది క్యాబేజీ కనుక దానికి ఏ అర్థమూ తీయనక్కరలేదు.

నా వాక్యాన్ని కాసేపు పక్కన పెట్టు. నీ వాంగ్మూలంలో ఒక చిల్లు ఉంది. ఏడాదిన్నరలో ఒక్క సెకను తప్పని మనిషి, ఒక్కసారిగా పదకొండు సెకన్లు తప్పదు. గ్లెండేల్‌లో నవ్వారు; మరెక్కడా నవ్వలేదు. అంటే గ్లెండేల్‌లో ఉన్నదేదో మరెక్కడా లేదు. ఈ కింది ప్రశ్నలకు అవునో కాదో మాత్రమే జవాబియ్యి. తిప్పి రాస్తే మళ్లీ అడుగుతాను.

నువ్వు మొదటి వరస ముందు కూర్చుంటావు. ఒకావిడ టోపీ ఒళ్లో పడడం చూశావు. మొదటి వరస ముందు కూర్చున్న మనిషికి వెనకవాళ్ల ఒడి ఎలా కనిపిస్తుంది? నీ కుర్చీ జనం వైపు తిరిగి ఉంటుందా? అంటే నీ వీపు తెరవైపు ఉంటుందా? అంటే గ్లెండేల్‌లో ఆ పదకొండు సెకన్లూ తెర మీద ఏముందో నువ్వు చూడనే లేదా?

అత్తా, వాళ్లు ఏం చూసి నవ్వారు?

ఇమోజీన్

---

కల్వర్ సిటీ
డిసెంబరు 2

జీనీ,

అవును. అవును. అవును. చూడలేదు.

నవ్వు కొలిచేవాళ్లు తెర చూడకూడదే. చూస్తే మనకే నవ్వొస్తుంది, చెయ్యి కదులుతుంది, లెక్క పాడవుతుంది. మొహాలే చూడాలి. ఇక్కడందరూ అలాగే చేస్తారు. ఇందులో లోపం ఉందని మాలో ఎవరికీ తట్టలేదు. తట్టడానికి ఒహాయో నుంచి దిగిరావాలి కాబోలు.

ఆదివారం ట్రాము ఎక్కి గ్లెండేల్ వెళ్లాను. టికెట్లిచ్చే అమ్మాయిని అడిగాను.

"ఓ, ఆ రోజా! సెనేటర్ వచ్చాడుగా" అంది.

"సెనేటరా? ఏ సెనేటరు?"

"మా పిల్లి అండీ. ఎలకల కోసం పెట్టుకున్నాం. ఎప్పుడూ తెర వెనకే పడుకుంటాడు. ఆ రోజు ఏమైందో, సరిగ్గా ఆ ముసలాయన 'ఎటునుంచి వచ్చాం' అనగానే తెర కిందనుంచి బయటికొచ్చి, వేదిక మధ్యలో కూర్చుని, కాలెత్తి ఒళ్లు నాక్కోవడం మొదలెట్టాడు. మా ఆయనకైతే పొలమారింది. మీరు ఎదురుగానే కూర్చున్నారుగా, చూళ్లేదా?"

చూళ్లేదు. నా వీపు వెనక పిల్లి స్నానం చేస్తుంటే, నేను దాన్ని సెకన్లలో కొలిచి, ఇద్దరు పెద్ద నటుల్ని మళ్లీ పిలిపించి, అంతసేపు నిలబెట్టాను. లైట్ల వేడికి, మామ వేషం వేసిన ముసలి క్రంప్ గారి మీసం జారిపోతుంటే, "ఇంకా నాలుగు సెకన్లండీ, కదలకండి, ఇక్కడ జనం విరగబడతారు" అని కెమెరా పక్క నుంచి చేత్తో సైగలు చేశాను.

దాచిపెట్టడం చేతకాలేదు. మర్నాడు వెళ్లి స్ట్రంక్ గారికి మొత్తం చెప్పాను. రచయితల గదిలో నవ్వు పైకప్పు తాకింది. దాన్ని మాత్రం నేను కొలవలేదు.

అందరూ కళ్లు తుడుచుకున్నాక ఆయన, "లుయెల్లా, నువ్వు మంచిదానివే. కానీ నా నటులు పిల్లి కోసం ఆగారని బయట తెలిస్తే, ఊరూరా నా మొహం మీద నవ్వుతారు" అన్నాడు.

"నవ్వించడమే కదండీ మన వ్యాపారం" అన్నాను. అనకుండా ఉండాల్సింది.

"సరే. ఏడాది చివరిదాకా గడువిస్తున్నా. ఆ పదకొండు సెకన్లలో తమ హాలు నవ్విందని ఈ దేశం మొత్తంలో ఒక్క హాలు యజమాని సంతకం పెట్టి కార్డు పంపితే, నీ కుర్చీ నీది. లేకపోతే ఆ ముక్క కత్తిరిస్తాం. దాంతో పాటు..." అని ఆగాడు. మర్యాదస్తుడు.

మీ నాన్నకి ఏమీ రాయకు. ఆరేళ్లుగా ఆయన నా బీమా ఉద్యోగం గురించి ఊళ్లో గొప్పగా చెప్పుకుంటున్నాడు.

లుయెల్లా

---

వెల్డన్
డిసెంబరు 9

అత్తా,

ఉత్తరం అందగానే లిరిక్ హాలుకు వెళ్లాను. యజమాని ఒట్టో బ్రాండ్ గారు, పొట్ట ముందుగా నడిచి, తాను వెనకగా వచ్చే మనిషి. నన్ను చూడగానే తలుపు మూయబోయారు.

"మిస్ హాస్కిన్స్ కదూ? లోపలికి రావద్దు. మళ్లీ ఏదైనా చూసి ఉపన్యాసం ఇస్తారు."

"ఒక చిన్న సంతకం కోసం వచ్చానండీ."

విషయం చెప్పాను. నీ పేరు చెప్పలేదు, "నాకు కావలసినవారు" అన్నాను. ఆయన మీసం దువ్వుకుంటూ విన్నారు.

"అబద్ధపు సంతకం పెట్టను. వారపత్రికలో పడే నా కార్డు చూసి నలుగురు హాళ్లవాళ్లు బొమ్మలు తెప్పించుకుంటారు. వాళ్లు నవ్వలేదు కనుక నవ్వలేదనే రాశాను."

"మళ్లీ ఒకసారి ఆడించండి."

"ఆడించడానికి ఇబ్బంది లేదు. మీ ఉపన్యాసం చదివాక, ఆ మౌనం ఏమిటో చూస్తామని జనం రోజూ అడుగుతున్నారు. వచ్చే వారం శుక్రవారం తెప్పిస్తున్నాను. కానీ వాళ్లు వచ్చేది మౌనం చూడటానికమ్మా, నవ్వడానికి కాదు. నవ్వకూడదని మీరు నేర్పారుగా? చర్చికి వచ్చినట్టు వచ్చి కూర్చుంటారు."

"ఏం చేయమంటారు?"

"మీరు వేసిన ముడి, మీరే విప్పండి. బొమ్మ మొదలయ్యే ముందు నా వేదిక ఎక్కి, అన్న మాట వెనక్కి తీసుకోండి. తర్వాత వాళ్లు నిజంగా నవ్వితే, నిజంగా రాస్తాను."

నేను గెలిచిన ఏ వాదాన్నీ ఇంతవరకు వెనక్కి తీసుకోలేదు. మా వాదసభ నియమావళిలో అందుకు విధానమే లేదు, చూశాను. ఆలోచించి చెబుతానన్నాను.

"ఆలోచించండి. ఆలోచించే పని మీకే అప్పగిస్తున్నాను" అన్నారాయన. పత్రిక చదివే మనిషితో పెట్టుకోకూడదు.

ఇమోజీన్

---

కల్వర్ సిటీ
డిసెంబరు 14

జీనీ,

ఈ ఉత్తరం శుక్రవారం లోపు నీకు చేరాలి.

వద్దు. నమ్మని మాట నాకోసం చెప్పకు. చిన్నప్పుడు నిన్ను హాస్యచిత్రానికి తీసుకెళ్తే, అందరూ నవ్వుతుంటే నువ్వు చేతులు కట్టుకుని, "అతను కిందపడ్డాడు కదా, ఎందుకు నవ్వుతున్నారు?" అని పక్కావిణ్ణి నిలదీశావు. ఆరేళ్ల పిల్లవి. ఆవిడ నవ్వు సగంలో ఆగిపోయింది. నాకు ఆ రోజు ఎంత సిగ్గేసిందో, ఎంత గర్వంగా ఉందో చెప్పలేను. ఆ పిల్లని నాకోసం పాడు చేయకు.

ఇక్కడ ఒక దుకాణంలో అమ్మకానికి మనిషి కావాలన్నారు. వెళ్లి చూస్తాను. కుర్చీ లేదట, రోజంతా నిలబడాలి. కాళ్లకి వ్యాయామం.

అత్త

---

వెల్డన్
డిసెంబరు 20, 1930

ప్రియమైన అత్తకు,

నీ ఉత్తరం ఈ రోజు, శనివారం, చేరింది. నీ ఆజ్ఞను ధిక్కరించినందుకు రైలును నిందించు.

బ్రాండ్ గారి కార్డు ఇందులో జతపరిచాను. అయితే దాన్నొక్కదాన్నే చూపించకు. స్ట్రంక్ గారినీ రచయితలనూ ఆ గదిలోనే కూర్చోబెట్టి, ఇక్కడి నుంచి చివరిదాకా బయటికి చదువు. మధ్యలో ఆపవద్దు. నీ గురించి మంచి మాట వచ్చినచోట గొంతు తగ్గించవద్దు.

అయ్యా, గదిలోని పెద్దలారా! ఒహాయోలో ఎవరో పిల్ల అన్నారే, ఆ పిల్లను నేను. లుయెల్లా హాస్కిన్స్ నా మేనత్త.

శుక్రవారం లిరిక్ హాలు నిండిపోయింది. నేను వేదిక ఎక్కి, "అక్టోబరులో ఈ చిత్రంలోని మౌనం గురించి ఒక మాట అన్నాను. దాన్ని వెనక్కి తీసుకుంటున్నాను. ఎందుకో చెప్పాలన్నది ఒప్పందంలో లేదు" అన్నాను. బ్రాండ్ గారు నుదురు కొట్టుకున్నారు. తర్వాత మొదటి వరస ముందు, తెరకు వీపు పెట్టి కుర్చీ వేయించుకుని, ఆయన సెకన్ల గడియారం పట్టుకుని కూర్చున్నాను. మా అత్త ఏడాదిన్నరగా చేస్తున్న పని నేను ఇరవై నిమిషాలు చేశాను. మూడు వందల మొహాలు నవ్వే అవకాశం కోసం మన వైపే చూస్తుంటే ఎలా ఉంటుందో మీలో ఎవరికైనా తెలుసా? చెమట పట్టింది.

"ఏమయ్యా, మనం లోపలికి ఎటునుంచి వచ్చాం?" అన్న మాట నా వీపు వెనక వినిపించింది. గడియారం నొక్కాను. ఒకటి, రెండు, మూడు. ఒక్కరూ నవ్వలేదు. ముందు వరసలో ఒక పాల వ్యాపారి, నేర్చుకోవడానికి వచ్చినవాడిలా, మోకాళ్ల మీద చేతులు పెట్టుకుని చూస్తున్నాడు. నాలుగు. ఐదు. ఇక తట్టుకోలేక, కొలిచేవాళ్లు చేయకూడని పని చేశాను. వెనక్కి తిరిగి తెర చూశాను.

మామ వేషంలో క్రంప్ గారు నిలబడి ఉన్నారు. మీసం ఒక పక్క జారింది. ముఖం కదలడం లేదు, కళ్లు మాత్రం మెల్లగా, మర్యాదగా, అల్లుడి మీద నుంచి పక్కకు జరిగి, కెమెరా పక్కన ఎవరినో అడుగుతున్నాయి: "ఇంకా ఎంతసేపమ్మా?" అక్టోబరులో కూడా ఆ చూపు అక్కడే ఉండి ఉంటుంది; నేను గోడ గడియారం చూస్తున్నాను. ఆ పక్కన ఎవరున్నారో మూడు వందల మందిలో నాకొక్కదానికే తెలుసు. నాలుగు వేళ్లు చూపిస్తూ, నమ్మకంగా, జనం విరగబడతారని మాటిస్తూ మా అత్త ఉంది.

నేను నవ్వాను. పెదవులతో నవ్వే సభ్యమైన నవ్వు కాదు. ముక్కుతో, గురక లాంటి చప్పుడుతో, కుర్చీ కిర్రుమనేలా. ఆరేళ్ల వయసు నుంచి దాచి పెట్టినదంతా ఒక్కసారిగా వచ్చింది. పాల వ్యాపారి, "అదుగో, కప్పు గెలిచిన అమ్మాయి!" అని కేక పెట్టాడు. ఇక హాలు విరగబడింది. బ్రాండ్ గారి కార్డు చూడండి: "నవ్వారు. మౌనం చాలలేదు. తర్వాతి రెండు మాటలు వినపడలేదు."

మీ షరతు ప్రకారం మా అత్త గెలిచింది. అక్కడితో ఉత్తరం ముగించవచ్చు. కాని నేను అబద్ధపు విజయాలు తీసుకోను, ఆమె కూడా తీసుకోదు. పిల్లి సంగతి మీకు తానే వచ్చి చెప్పిన మనిషి. కనుక నిజం చెబుతున్నాను: వాళ్లు మీ చిత్రాన్ని చూసి నవ్వలేదు. నన్ను చూసి నవ్వారు. గ్లెండేల్‌లో సెనేటర్ చేసిన పని, ఇక్కడ నేను చేశాను.

ఇక తప్పు ఎవరిదో తేల్చుదాం. హాలులో నవ్వు పుట్టింది. మా అత్త ఉన్నది ఉన్నట్టు కొలిచింది. గ్లెండేల్‌లో పదకొండు అంటే పదకొండే, సెకనులో పావు కూడా తేడా లేదు. ఆమెను తెరకు వీపు పెట్టి కూర్చోమన్నది ఎవరు? తెర ముందు ఏం జరుగుతోందో చూసే మనిషిని పెట్టనిది ఎవరు? నవ్వును కొలవడానికి ఒక మనిషిని నియమించి, దేనికి నవ్వారో చూడటానికి ఎవరినీ నియమించని తెలివి ఈ గదిది. మనిషిని తీసేస్తే ఆ తెలివి మీ దగ్గరే మిగిలిపోతుంది. తర్వాతి ఊళ్లో ఏ కుక్కో వస్తుంది.

మా అత్తకు దయ చూపమని నేను అడగడం లేదు. మా కుటుంబంలో ఎవరికీ అది పడదు. జూన్‌లో నా చదువు పూర్తవుతుంది. మేమిద్దరం ఒకే బీమా కార్యాలయంలో పనిచేస్తున్నామని మా నాన్నకు చెప్పే బాధ్యత నాది. నేను కోరేది ఒక్కటే, మీ అందరినీ, ఇప్పుడే, ఈ కాగితం మడవకముందే: జూన్ తర్వాత వచ్చే మొదటి చిత్రం ఆడించే రోజున మా అత్త కుర్చీ పక్కనే రెండో కుర్చీ వేయించండి. ఆమెది జనం వైపు. రెండోది తెర వైపు. అందులో నేను కూర్చుంటాను. ఇందులో అభ్యంతరం ఉన్నవాళ్లు లేచి నిలబడి, కారణం మా అత్త మొహం చూసి చెప్పండి. పదకొండు సెకన్లు ఇస్తున్నాను. అత్తా, గడియారం నొక్కు.